దుర్యోధనుడి మట్టి

పక్క కుర్చీలో పెద్దామె శనక్కాయలు ఒలుస్తోంది. ఇంటర్వెల్ అయిపోయి లైట్లు ఆరిపోయినా, తెర మీద ఏం జరుగుతున్నా ఆమె చేతులు ఆగడం లేదు. మంత్రి తన సొంత బావమరిదిని పోలీసులకు పట్టించాడు, ఆగలేదు. కథానాయకుడు మోటారుసైకిలు మీద జెండాల ఊరేగింపును చీల్చుకుంటూ వచ్చాడు, ముందు బెంచీల వాళ్ళు ఈలలు వేసి కాగితాలు ఎగరేశారు, ఆమె మాత్రం ఒక కాయను చెవి దగ్గర పెట్టి ఆడించి, లోపల గింజ ఉందని నమ్మకం కుదిరాక చిటుక్కున నొక్కింది. పొట్టు ఒళ్ళోకి, గింజ నోట్లోకి. నేను తెరను చూస్తున్నానో ఆ చేతులను చూస్తున్నానో నాకే తెలియడం లేదు. ఈ సినిమాలో మాటలన్నీ నా భర్తవి. ఆయన పోయి ఇంకా ఏడాది తిరగలేదు, సినిమా మాత్రం మొన్న శుక్రవారం వచ్చింది. ఇంకో గంటలో అయిపోతుంది. ఆ గంట చివర ఒక సీను ఉండాలి. ఆయన రాసిన ఆఖరి సీను. అది ఉందో, కోసేశారో నాకు తెలియదు. అది చూడడానికే పొద్దున తిరుపతిలో బస్సెక్కి చిత్తూరు వచ్చాను.

ఇంట్లోంచి బయలుదేరేటప్పుడు ఎదురింటి పంకజాక్షి వాకిట్లో కల్లాపి చల్లుతూ యాడికమ్మా అంది, సినిమాకి అని అబద్ధం చెప్పకుండా చెప్పాను. చెంబు పట్టుకున్న చేయి అట్లాగే నిలబెట్టి, "సంవత్సరీకమన్నా కాకనే సినిమానా సంద్రకాంతమ్మా?" అంది. ఆయన రాసిన సినిమానమ్మా అన్నాను. "ఎవురు రాస్తే ఏముండాది, సినిమా సినిమానే గదా," అంది. ఆ మాటా నిజమే. మా అమ్మాయి ధరణి తిరుపతిలో మొదటి ఆటకే పోయి చూసింది. ఇంటికి వచ్చి కాళ్ళు కడుక్కుని, నా ఎదురుగా కూర్చుని జడ విప్పి మళ్ళీ అల్లుకుంది. ఉండాదా పాపా అని అడిగాను. "నువ్వే పోయి సూసుకోమ్మా," అంది. ఆ పిల్ల బళ్ళో పాఠం చెప్పే పిల్ల, నోట్లో మాట దాచుకోవడం రాదు, దాచుకుందంటే దానికి ఒక అర్థం ఉంటుంది. లేదంటే అర్థం లేకుండా తండ్రి గుర్తొచ్చి ఉంటుంది. రెండిట్లో ఏదో తేల్చుకోలేక రెండు రోజులు వంటలో ఉప్పు ఎక్కువ వేశాను.

తిరుపతిలో చూడకుండా ఇక్కడికి ఎందుకు వచ్చానంటే, ఆయన పేరుతో వచ్చిన సినిమాలన్నీ మేము ఈ హాల్లోనే చూశాము. మద్రాసులో పెద్దవాళ్ళ మధ్య మెత్తటి కుర్చీలో కూర్చోబెట్టి చూపించినా ఆయనకు చూసినట్టు ఉండేది కాదు. రాత్రికి రాత్రి బయలుదేరి వచ్చి, నన్ను ఆడవాళ్ళ వైపు కూర్చోబెట్టి, తాను పైన మిషను గదిలోకి పోయేవాడు. ఆ గదిలో మిషను తిప్పే అమానుల్లా ఆయనకు చిన్ననాటి స్నేహితుడు, ఇద్దరూ ఒకే పలక మీద ఉమ్మి తుడిచి రాసుకున్నవాళ్ళు. అమానుల్లా రీలు చూసుకుంటుంటే ఈయన చిన్న కిటికీలోంచి కిందికి చూసేవాడు. తెర వైపు కాదు, ఆడవాళ్ళ వైపు. ఎవరు పిల్లకు పాలిస్తున్నారు, ఎవరు వక్క కొరుకుతున్నారు, ఏ మాటకు ఎవరి చేయి ఎక్కడ నిలిచిపోయింది, అదే ఆయనకు సినిమా. ఇందాక ఇంటర్వెల్‌లో అమానుల్లా సోడా పట్టుకుని వచ్చాడు. గడ్డం తెల్లబడింది, మోకాళ్ళు నొప్పులంట, మెట్లు పక్కకు తిరిగి దిగుతున్నాడు. అమానుల్లా, ఆ సీను ఉండాదా అన్నాను. అతను సోడా గోలీని బొటనవేలితో నొక్కి, అది కయ్యిమని అరిచేదాకా చూసి, "తాగు వదినా, గ్యాసు పోతాది," అన్నాడు. ఇప్పటిదాకా ఏ రీలు ఎక్కడ తెగిందో, ఏ పాట ఎక్కడ మొదలవుతుందో నిద్రలో అడిగినా చెప్పే మనిషి, నా మొహం చూడకుండా ఖాళీ సీసా తీసుకుని వెళ్ళిపోయాడు.

మొదట పేర్లు వచ్చినప్పుడు ఆయన పేరు కోసం కాచుకుని కూర్చున్నాను. ఇన్నేళ్ళలో ఆయన పేరు తెర మీద నేను చదవడం ఇదే మొదటిసారి. ముందు సినిమాలకు నాకు అక్షరాలు రావు. పాట సగంలో నా పక్కనున్న ఎవరో ఆడమనిషి "మాటలు, చక్రధర్" అని బయటికి చదివితే, ఓహో ఇదేనా అనుకుని కళ్ళు పెద్దవి చేసుకునేదాన్ని, అప్పటికి అది పోయి ఇంకెవరి పేరో ఉండేది. ఇంట్లో ఆయన వెంకటముని, ఊళ్ళో మునెప్ప, తెర మీదికి ఎక్కాక చక్రధర్. ఎవరా చక్రధర్, నాకు మొదట్లో పరాయి మగవాడి పేరులాగే ఉండేది. ఈరోజు మాత్రం ముందు నుంచే సిద్ధంగా ఉన్నాను, కుర్చీ అంచుకు జరిగి, చేతిరుమాలుతో కళ్ళు తుడుచుకుని, మాటలు అని వచ్చింది, అది చదివాను, చ, క కింద ర, చక్ర, అంతే, పోయింది. అక్షరాలు ఆలస్యంగా నేర్చినదాన్ని, నా కోసం తెర ఆగుతుందా. సగం పేరే చదివాను. మిగిలిన సగం నేను ముప్పై ఏళ్ళు కాపురం చేసి నేర్చుకున్నదే కదా అని సర్ది చెప్పుకున్నాను.

చిటుక్కు, చిటుక్కు. ఈమె ఒళ్ళో పొట్టు కుప్ప పెరుగుతోంది. మా వంటింట్లో చింతపండు కుప్ప గుర్తొస్తోంది. పెళ్ళయిన కొత్తలో ఆయన నాటకాలు రాసేవాడు, రాసింది చేత్తో పట్టుకుని వంటింటి గడప మీద కూర్చుని నాకు చదివి వినిపించేవాడు. బాగుందా అని అడిగేవాడు. నాకేం తెలుసు, బాగుంది అనేదాన్ని. రెండు మూడు సార్లు అట్లా అన్నాక అడగడం మానేశాడు. తర్వాత ఎప్పుడో కనిపెట్టాను, ఆయన నా మొహం చూడడం లేదు, చేతులు చూస్తున్నాడు. నేను చింతపండులో గింజలు తీస్తుంటాను, ఆయన చదువుతుంటాడు, నా చేయి ఆడుతూనే ఉంటే ఆ కాగితం ఉండలా చుట్టుకుని పొయ్యిలోకి పోతుంది. ఆగితే, ఆ మాట కింద ఒక గీత గీసుకుంటాడు. ఇది తెలిశాక నాకు నవ్వూ వచ్చింది, భయమూ వేసింది. ఒకసారి ఆయన మీద కోపంగా ఉండి కావాలని చేయి ఆపకుండా పని చేశాను, పాపం కట్ట మొత్తం కాల్చేశాడు. ఇంకొకసారి చీమ కుట్టి చేయి ఆగితే సంబరపడిపోయి గీత గీసుకున్నాడు. ఆ చీమ మెచ్చిన మాటకు తర్వాత మద్రాసులో చప్పట్లు కొట్టారంట. చెబితే ఎవరు నమ్ముతారు.

పాళెగాడి సినిమాలో ఒక మాట ఉంది. తెల్లదొర వచ్చి కోట తాళాలు ఇమ్మంటాడు. పాళెగాడు కత్తి దూయడు, పద్యం చదవడు. "కోట నాది కాదు దొరా, లోపల పొయ్యి వెలిగించే దానిది. తాళం ఆమెనడిగి తీసుకో" అంటాడు. అది చదివినప్పుడు నేను నిజంగానే పొయ్యి ఊదుతున్నాను. ఊదుడు గొట్టం నోటి దగ్గరే ఉండిపోయింది. ఈ హాల్లోనే ఆ మాటకు ఆడవాళ్ళంతా ఒక్కసారి మెడలు నిటారు చేశారు, నా కళ్ళతో చూశాను. అది ఆయన పేరుతో వచ్చిన మొదటి సినిమా. దానికి ముందు చాలా ఏళ్ళు పేరు లేకుండానే రాశాడు. మాట ఈయనది, పేరు ఇంకొకరిది. చిత్తూరు బస్టాండులో మద్రాసు బస్సెక్కడం, కోడంబాకంలో ఎవరి ఇంటి వసారాలోనో పడుకోవడం, రాసి ఇచ్చి రావడం. అట్లా రాసిన సినిమా మా ఊరి పక్కన డేరా హాలుకు వచ్చినప్పుడు నన్ను తీసుకుపోయి, తెర మీద నటుడు నోరు తెరవకముందే ఆ మాట నా చెవిలో చెప్పేవాడు. ముందు కూర్చున్నవాడు వెనక్కి తిరిగి, "ఎవురప్పా నువ్వు, వాడు సెప్పకముందే సెప్తాండావు? ఇన్నిసార్లు సూసినోడివి మళ్ళా ఎందుకొచ్చినావు?" అన్నాడు. ఈయన నోరు మూసుకుని కూర్చున్నాడు. దారిలో ఇంటికి వస్తూ మాత్రం, నేను ఒక్కసారి కూడా సూళ్ళేదే సంద్రా, అన్నాడు. ఆ గొంతు ఇప్పటికీ నా చెవిలోనే ఉంది.

తెర మీద మంత్రి ఇప్పుడు ఒక ఊరిని ఖాళీ చేయిస్తున్నాడు. అది ఆ మంత్రి పుట్టిన ఊరే. ఫ్యాక్టరీ కోసం తల్లిలాంటి నేలను రాసిచ్చేశాడు. ఎద్దులబండి మీద మంచాలు ఎక్కిస్తున్నారు. ఈ మంత్రిని చూస్తే కోపం రావాలి, వస్తుంది, కానీ అతను అన్నం కలుపుకునే తీరు చూస్తే, ఎవరూ చూడనప్పుడు చెప్పు విడిచి కాలు గోక్కునే తీరు చూస్తే, మన ఇంట్లో మనిషిలాగే ఉంటాడు. నా భర్త రాసిన చెడ్డవాళ్ళంతా ఇంతే. రాజకీయం సినిమాలు రాయడం మొదలుపెట్టాక అందరూ ఆయనకు ఏదో ఒకరోజు దెబ్బలు తప్పవన్నారు. ఒకసారి మా తాలూకా ఎమ్మెల్యే జీపు మా ఇంటి ముందే ఆగింది. ఆ ఏడు వచ్చిన సినిమాలో దొంగ ఓట్ల నాయకుడు అచ్చం ఆ ఎమ్మెల్యేనేనని జనం చెప్పుకుంటున్నారు. మా ఆయన చొక్కా గుండీలు తప్పుగా పెట్టుకుని బయటికి పోయాడు. "ఏమప్పా మునెప్పా, నన్నే రాసినావంటనే?" అన్నాడు ఎమ్మెల్యే. లేదన్నా, అది ఉత్త కల్పన, మీకూ దానికీ సంబంధం లేదన్నా అని ఈయన చేతులు జోడించాడు. ఎమ్మెల్యే మొహం వాడిపోయింది. "అట్లంటావేందప్పా! నేనేనని ఊరంతా సెప్పుకుంటాండా. నా మాటలకే గదా సప్పట్లు కొడతాండేది. కాదని యాడా అనబాక," అని, తెచ్చిన అరటిగెల అరుగు మీద పెట్టించి పోయాడు. ఆ గెల మాగేదాకా మేము నవ్వుకుంటూనే ఉన్నాము.

చెడ్డవాణ్ణి అట్లా రాయడం ఆయనకు చదివితే వచ్చింది కాదు. ఆయన తండ్రి, మా మామ మునస్వామి, భారతంలో దుర్యోధనుడి వేషం కట్టేవాడు. మా వైపు ఊళ్ళలో ద్రౌపదమ్మ గుడి దగ్గర వేసవిలో భారతం జరుగుతుంది, పగలు హరికథ, రాత్రి వేషాలు. ఆఖరు రోజు దుర్యోధనుణ్ణి చంపుతారు. బయలులో మట్టితో పెద్ద బొమ్మ చేసి వెల్లకిలా పడుకోబెడతారు, ఇల్లంత పొడవు, కోర మీసాలు, కోడిగుడ్లంత కళ్ళు, తొడలో కుంకుమ నీళ్ళు పోసిన కుండ పూడ్చి పెడతారు. భీముడి వేషగాడు గదతో తొడ పగలగొడతాడు, ఎర్రనీళ్ళు చిమ్ముతాయి, ద్రౌపది ఆ ఎరుపుతో జుట్టు ముడుచుకుంటుంది. అప్పుడు ఆడవాళ్ళు ఆ బొమ్మ మీదికి పోతారు, చీపుర్లతో కొడతారు, తిడతారు, గాంధారి వేషం వాడు గుండె బాదుకుని ఏడుస్తాడు, వీళ్ళూ ఏడుస్తారు. ఆ ఏడుపు అయిపోయాక ప్రతి ఆడదీ వంగి ఆ బొమ్మ నుంచి గుప్పెడు మట్టి తీసుకుని కొంగులో ముడి వేసుకుంటుంది. ఇంటికి తెచ్చి ధాన్యం గాదెలో వేస్తే ఆ ఏడు కరువు రాదంటారు. కొట్టేదీ మేమే, తెచ్చి ఇంట్లో పెట్టుకునేదీ మేమే. ఎందుకని ఎవరూ అడగరు. ఆయన చిన్నప్పుడు అడిగాడంట. తండ్రి పక్కన నిలబడి, మొహం మీద రంగు ఇంకా పోని తండ్రిని, నిన్ను ఎందుకు కొడతాండారు నాయనా అని. మామ నవ్వి, కొట్టనీరా, సాయంత్రానికి అందరిండ్లలోనూ నేనే ఉంటా, అన్నాడంట. ఆయన ఈ కథ నాకు ఎన్నిసార్లు చెప్పాడో. రాసినవన్నీ అక్కడి నుంచే తెచ్చుకున్నానేమో సంద్రా అనేవాడు. రాజులు, పాళెగాళ్ళు, మంత్రులు, అందరికీ మా నాయన మొహమే పెట్టినా.

తర్వాత తర్వాత రోజులు మారాయి. సినిమావాళ్ళు మద్రాసు వదిలి హైదరాబాదు పోయారు, మేము ఊరు వదిలి తిరుపతి చేరాము, ఈయన బస్సు వదిలి రైలు పట్టుకున్నాడు, ఇంటికి రావడం తగ్గింది. పండక్కి కూడా ఎదురుచూసి ఎదురుచూసి పొయ్యి ఆర్పేసిన రోజులున్నాయి. ఆయన మంచివాడే కానీ చప్పట్లకు మొహం వాచినవాడు, ఎవరైనా మీ ఫలానా మాట అదిరిందండీ అంటే వాళ్ళ వెంట వీధి చివరి దాకా పోయేవాడు, ధరణికి జ్వరం వచ్చిందని ఎస్టీడీ బూతు నుంచి ఫోను చేస్తే వాళ్ళ ప్రొడ్యూసరు కథ చెప్పేవాడు. ఆ కోపంతోనే కావచ్చు నేను సాయంత్రం బడికి పోయాను. ఊరూరా పెద్దవాళ్ళకు అక్షరాలు నేర్పుతున్న రోజులవి. ఇంటరు చదివే పిల్ల నా చేయి పట్టుకుని దిద్దించేది, దానికి నా వయసులో సగం కూడా లేదు, తప్పు రాస్తే తలమీద మొట్టబోయి ఆగేది. ఈయన ఒకసారి వచ్చి పలక చూసి పగలబడి నవ్వాడు. "ఇంట్లో ఇద్దురు రచయితలైతే పొయ్యి ఎవురు ముట్టిస్తారే?" అన్నాడు. రాత్రి అన్నం తిని చేయి కడుక్కోకుండా కూర్చుని, కాసేపటికి, "నువ్వు సదవడం మొదలుపెడితే నాకు భయమే సంద్రా. నీకు ఇనిపించేటప్పుడు నా గొంతు కలిపి సెప్తాను. కాగితానికి గొంతు ఉండదు గదా," అన్నాడు. అంతమంది ముందు గొంతెత్తి మాట్లాడే మనుషుల్ని పుట్టించినవాడు నా ముందు ఆ మాట అన్నాడు. కోపం ఎటు పోయిందో పోయింది.

అప్పటికి ఆయనకు పిలుపులు తగ్గాయి. మాటలు ఎక్కువయ్యాయంట, జనం ఇప్పుడు పాటలూ పరుగులూ చూస్తున్నారంట. రెండేళ్ళు తిరుపతిలోనే ఉన్నాడు, పొద్దున్నే మెట్ల దారి దాకా నడిచి వచ్చేవాడు. నాకు సంతోషంగానే ఉండేది, ఆ సంతోషం ఆయనకు కనబడకుండా దాచుకోవడం కష్టంగా ఉండేది. ఆ తర్వాత వచ్చింది ఈ సినిమా. మళ్ళీ కళ్ళలో వెలుగు, మళ్ళీ గడప మీద కాగితాలు. ఆఖరి సీను రాసిన రోజు మాత్రం చదివి వినిపించలేదు. కాగితం నా ఒళ్ళో పెట్టి, నువ్వే సదువు అన్నాడు. చేయి కడుక్కుని కూర్చుని అక్షరం అక్షరం పట్టుకుని చదివాను. మంత్రి తన ఊరికే వస్తాడు, జనం తిరగబడతారు, వీధిలో పడిపోతాడు, చచ్చిపోతాడు. అందరూ వెళ్ళిపోతారు. ఒక ముసలామె చీపురు పట్టుకుని వస్తుంది. కొట్టడానికి ఎత్తుతుంది. దించుతుంది. వంగి, మంత్రి పడిన చోట గుప్పెడు మట్టి తీసుకుని కొంగున ముడి వేసుకుని పోతుంది. అంతే. నేను కాగితం వెనక్కి తిప్పాను, ఖాళీ. మిగతా కాగితం యాడ పెట్టినావు, మాటలేవి, అన్నాను. ఆయన పిల్లవాడిలాగా నవ్వాడు. "మాటల్లేవు. అయిపోయింది," అన్నాడు. మళ్ళీ మొదటి నుంచి చదివాను. ఈసారి మా మామ కనబడ్డాడు. కాగితం పట్టుకున్న నా చేయి అట్లాగే ఉండిపోయింది. ఆయన అది చూశాడు, లేచి పోయి పెరట్లో మొహం కడుక్కున్నాడు.

హైదరాబాదులో ఒప్పుకోలేదు. చక్రధర్ సినిమాలో క్లైమాక్సుకి మాటల్లేకపోతే టికెట్టు డబ్బులు వాపసు అడుగుతారు సార్ అన్నారంట. హీరో శవం పక్కన నిలబడి మాట్లాడాలి, జనం లేచి ఈల వేయాలి. ఈయన మొదటిసారి వాళ్ళతో గొంతెత్తాడంట. ఇన్నేళ్ళు అడిగినవాళ్ళందరికీ అడిగినన్ని మాటలు ఇచ్చినవాడు, ఒక్క చోట మాట్లాడకుండా ఉండనివ్వమని అడిగాడు. చివరికి రెండు రకాలుగానూ తీద్దాం, ఏది బాగుంటే అది ఉంచుతాం అన్నారు. హీరో మాటలు కూడా ఈయన చేతే రాయించారు. తీసిన రోజు రాత్రి ఫోనులో, "తీసినారు సంద్రా, ముసిలామె మంచిగా చేసింది. ఉంచుతారులే," అన్నాడు. ఉంచుతారులే అన్న గొంతు, నాకు ధైర్యం చెబుతున్నట్టు లేదు, నన్ను అడుగుతున్నట్టు ఉంది. నేను ఉంచుతారు అన్నాను. అదే ఆఖరు మాట మాకు. తర్వాత వారంలో అక్కడే లాడ్జి గదిలో గుండె ఆగింది.

ఉన్నట్టుండి తెర నల్లబడింది. హాలంతా ఓ అని అరిచింది. కరెంటు పోయింది. వెనక ఎవడో, "అమానుల్లా తాతా, జనరేటరుకు పెండ్లి చేసినావా, రాదే!" అని అరిచాడు, అందరూ నవ్వారు. చీకట్లో బీడీ నిప్పులు కదులుతున్నాయి. ఆ చీకట్లో కూడా చిటుక్కు, చిటుక్కు. పక్కామె ఒక గుప్పెడు గింజలు తడుముకుంటూ నా చేతిలో పోసింది. "తిను అమ్మణ్ణీ. ఇందాకట్నుంచి నా ఒళ్ళోనే సూస్తాండావు, అడగొచ్చు గదా," అంది. నాకు సిగ్గేసింది. ఏ ఊరక్కా అని అడిగాను. పేరు మునిరత్నమ్మంట, పాకాల అవతల ఊరు, ఆసుపత్రికి వచ్చిందంట, బస్సు సాయంత్రానికి గానీ లేదు, ఎండలో కూర్చోలేక ఈ చల్లటి చీకట్లోకి వచ్చింది. ఇది ఏ సినిమానో కూడా తెలియదు.

"ఈ మంత్రి సచ్చేస్తాడా?" అంది.

"సచ్చేస్తాడు."

"నువ్వు ముందే సూసినావా?"

"లేదక్కా. ఇది రాసినాయన మావాడు."

"రాసేదేంది? వాళ్ళే గదా మాట్లాడతాండేది."

"ముందే రాసిస్తే నేర్చుకుని మాట్లాడతారక్కా."

ఆమె ఇంకో కాయ చిటుక్కున నొక్కింది. "అట్లయితే మీవానికి ఒక మాట సెప్పు. ఆ హీరో పిల్లోడు అరస్తాండాడు, సెవులు నొప్పి. మంత్రి మాత్రం మెల్లిగా మాట్లాడతాడు, నా మొగుడి మాదిరి. దొంగముండాకొడుకు," అంది. ఎవరిని తిట్టిందో తెలియలేదు, చీకట్లో నవ్వుకున్నాను. చెబుతాలే అన్నాను. చెప్పడానికి ఆయన ఎక్కడున్నాడు. పైన కిటికీలో ఉన్నాడేమో అని తల ఎత్తి చూశాను. అప్పుడే జనరేటరు మొదలై ఆ కిటికీలోంచి తెల్లటి వెలుగు నా కళ్ళలో కొట్టింది.

మంత్రి ఊళ్ళోకి వచ్చాడు. కారు దిగాడు. ఖాళీ ఇళ్ళు, పడిపోయిన గోడలు, మిగిలినవాళ్ళు నాలుగు వైపుల నుంచీ వస్తున్నారు. రాయి పడింది, కర్ర పడింది, తెల్ల పంచె ఎరుపైంది. వీధి మధ్యలో వెల్లకిలా పడ్డాడు, చేతులు రెండూ చాపి, సరిగ్గా మట్టిబొమ్మ పడుకున్నట్టే. ఆయన అది రాశాడు, వాళ్ళు అది మాత్రం తీశారు. ఇప్పుడు జనం వెళ్ళిపోవాలి. వెళ్ళిపోతున్నారు. ఇప్పుడు వీధి చివర ముసలామె రావాలి. దుమ్ము లేచింది, దుమ్ములో ఎవరో నడిచి వస్తున్నారు, నేను కుర్చీ చేతులు గట్టిగా పట్టుకున్నాను, కనబడింది చీపురు కాదు, బూట్లు. హీరో. శవం పక్కన నిలబడ్డాడు, మెడ తిప్పాడు, మొదలుపెట్టాడు. మంచి మాటలే. ఆయన రాసినవే, ఆ లయ నాకు తెలుసు, ఎక్కడ ఊపిరి తీసుకోవాలో తెలుసు, ప్రజలంటే ఏమిటో, నేలంటే ఏమిటో, కుర్చీ అంటే ఏమిటో. ఈలలు, చప్పట్లు, కాగితాలు. ముందు బెంచీల వాళ్ళు లేచి నిలబడ్డారు. నాకు తెర సగం కనబడకుండా పోయింది. కనబడినా చూసేదేమీ లేదు. లేదు. కోసేశారు. ధరణి జడ అల్లుకున్నది ఇందుకే, అమానుల్లా సోడా కొట్టింది ఇందుకే. ఆయన ఒక్క చోట నోరు మూసుకోనివ్వమన్నాడు, ఆ ఒక్కటీ ఇవ్వలేదు. మాటలు ఇంకా వస్తూనే ఉన్నాయి. నా చేతిలో మునిరత్నమ్మ ఇచ్చిన గింజలు చెమటకు తడిసిపోయాయి.

ఆ చప్పట్లలో ఏదో తక్కువైనట్టు అనిపించింది. ఏమిటో వెంటనే తెలియలేదు. పక్కన చిటుక్కు మనడం లేదు. తల తిప్పాను. మునిరత్నమ్మ చేతులు ఆగిపోయి ఉన్నాయి. ఆమె హీరోను చూడడం లేదు, నిలబడ్డవాళ్ళ సందులోంచి తెర కింది వైపు, బూట్ల పక్కన, ఇంకా ఒక మూల కనబడుతున్న ఆ పడిపోయిన చేయిని చూస్తోంది. తెర మారి తెల్ల అక్షరాలు వచ్చాయి, లైట్లు వెలిగాయి, జనం తోసుకుంటూ లేచారు, ఆమె లేవలేదు.

"ఏం మనుషులే వీళ్ళు," అంది. నాతో కాదు, ఎవరితోనూ కాదు. "సంపినారు. సరే. సంపాల్సినోడే. అట్లనే ఇడిసిపెట్టి పోయినారే! ఆ అరిసే పిల్లోడన్నా వంగినాడా? గుప్పెడు మట్టి తీసుకోవద్దా?"

ఆమె చేయి తనకు తెలియకుండానే ఒళ్ళోకి వంగి, పిడికిలి మూసుకుని, కొంగు కొస దాకా పోయింది. అక్కడికి పోయాక లోపల శనక్కాయ పొట్టు తప్ప ఏమీ లేదని చూసుకుని, ఛీ అని దులుపుకుంది. నన్ను చూసింది. "ఏమ్మా ఏడస్తాండావు? సినిమానే గదా," అంది. ఆమె సంచి చంకన పెట్టుకుని, నా భుజం ఒకసారి నొక్కి, బస్సు పోతాదంటూ జనంలో కలిసిపోయింది. నేల మీద ఆమె కూర్చున్న చోట పొట్టు ఎర్రగా పడి ఉంది.

హాలు ఖాళీ అయ్యాక అమానుల్లా మెట్లు పక్కకు తిరిగి ఒక్కొక్కటే దిగి వచ్చాడు. నా ముందు వరసలో కూలబడి, టోపీ తీసి మోకాలి మీద పెట్టుకున్నాడు. తల ఎత్తకుండానే అన్నాడు.

"లేదు వదినా. రోజూ నాలుగాటలు తిప్పుతాండా, ప్రతిసారీ వస్తాదేమో అని సూస్తాండా. లేదు. నీకు సెప్పను నోరు రాలేదు."

"ఉండాదిలే అమానుల్లా," అన్నాను. "ఇప్పుడే సూసినా."